అన్నం తరగని గిన్నె, బియ్యాన్ని లాగే చెంబు

పొద్దు గూకింది. సంగటి దింపి, పిల్లలకు పెట్టి, పుస్తకాలు పట్టుకొని అందరూ వచ్చి కూర్చున్నారు. పాఠం మొదలు పెట్టబోతే ఒక అవ్వ అడ్డం పడింది.

"రోజూ ఎరువులు, టీకాలు, మరుగుదొడ్లేనా? ఈ పొద్దు ఏదన్నా కథ ఉంటే చదవండి మే!"

సరే అవ్వా. ఈ పాఠం నిండా కథలే. అన్నీ ఇంట్లో వాడుకొనే సామాన్ల కథలు. గిన్నె, ఇసుర్రాయి, గునపం, కుండ, చెంబు. అన్నీ మహిమ ఉన్న సామాన్లే. చివర్లో మాత్రం నిజంగా జరిగిన కథ ఒకటి ఉంది. అది నవ్వుకొనే కథ కాదు. అక్కడికి మెల్లగా పోదాం.

ద్రౌపది గిన్నె

పాండవులు జూదంలో అన్నీ పోగొట్టుకున్నారు. అడవికి పోయారు. వాళ్ల వెంట బ్రాహ్మణులు కూడా చాలామంది పోయారు. అడవిలో అంతమందికి అన్నం ఎట్లా పెట్టేది? ధర్మరాజు సూర్యుణ్ణి వేడుకున్నాడు. సూర్యుడు ఒక రాగి పాత్ర ఇచ్చాడు. ఎంతమంది తిన్నా అందులో అన్నం తరగదు. దాని పేరు అక్షయపాత్ర.

ఈ మాటను ఒకసారి విడదీసి చూద్దాం. క్షయం అంటే తరిగిపోవడం. అక్షయం అంటే తరగనిది. మనం దిద్ది నేర్చుకున్న 'అక్షరం' కూడా ఇట్లాంటి మాటే. క్షరం అంటే నశించేది. అక్షరం అంటే నశించనిది.

ఆ పాత్రకు ఒక నియమం ఉంది. ద్రౌపది తినేదాకానే అందులో అన్నం ఉంటుంది. ఆమె తిని, గిన్నె కడిగితే ఆ పూటకు అయిపోయినట్టే. ఒకనాడు ద్రౌపది తినేసింది. అప్పుడు దూర్వాస ముని పదివేల మంది శిష్యులతో దిగాడు. ఆయన కోపం అందరికీ తెలుసు. స్నానానికని ఏటికి పోయారు. ద్రౌపదికి గుండె జారింది. కృష్ణుణ్ణి తలచుకుంది. కృష్ణుడు వచ్చి, "ముందు నాకు ఆకలి" అన్నాడు. గిన్నె తెచ్చి చూపించింది. అంచుకు ఒక కూరాకు ముక్క, ఒక మెతుకు అంటుకొని ఉన్నాయి. కృష్ణుడు వాటిని నోట్లో వేసుకున్నాడు. అంతే. ఏట్లో ఉన్న పదివేల మందికీ కడుపులు నిండిపోయాయి. త్రేన్చుకుంటూ అట్నుంచి అటే పోయారు.

కథ బాగుంది కదా. మన అవ్వ మాత్రం ఇంకో మాట పట్టుకుంది.

"ఏమి మే! అన్నం తరగని గిన్నె అయినా ఆడది కడాకే తినాల్నా?"

అవ్వ అడిగింది మామూలు మాట కాదు. ఎంత పెట్టినా తరగని గిన్నెను ఊహించగలిగారు. ఆడమనిషి అందరితోపాటు కూర్చొని తింటుందని మాత్రం ఊహించలేకపోయారు. కథ చెప్పినవాళ్లు తమ ఇండ్లలో చూసిందే కథలో పెట్టారు. ద్రౌపదికి గిన్నె ఉంది కాబట్టి కడాకు తిన్నా కడుపు నిండింది. మన ఇండ్లలో గిన్నె తరుగుతుంది. కడాకు తినేవాళ్లకు అడుగు మాడు, నీళ్ల చారు మిగులుతాయి. 2019-21లో ప్రభుత్వం చేసిన ఆరోగ్య సర్వేలో మన రాష్ట్రంలో 15 నుంచి 49 ఏండ్ల ఆడవాళ్లలో సగం మందికి పైగా రక్తం తక్కువ ఉందని తేలింది.

వరిగల జావ ఊరిని ముంచేసింది

ఆకలి ఒక్క మన దేశంలోనే లేదు. అందుకే ఇట్లాంటి గిన్నెలు అన్ని దేశాల కథల్లోనూ ఉన్నాయి.

జర్మనీ అని ఒక దేశం. అక్కడ గ్రిమ్ అనే అన్నదమ్ములు 200 ఏండ్ల కిందట జనం నోట్లో ఉన్న కథలను పోగుచేసి పుస్తకాలు వేశారు. వాటిలో ఒక చిన్న కథ. ఒక పేద తల్లి, ఒక కూతురు. ఇంట్లో తినడానికి ఏమీ లేదు. కూతురు అడవికి పోతే ఒక ముసలమ్మ చిన్న కుండ ఇచ్చింది. "వండు కుండా" అంటే తియ్యటి వరిగల జావ వండుతుంది. "చాలు కుండా" అంటే ఆగిపోతుంది. అవును, వరిగలే! మన మెట్ట చేలల్లో పండే ఆ చిన్న గింజలు ఒకప్పుడు వాళ్లకూ పేదల కూడు.

ఒకనాడు కూతురు ఇంట్లో లేదు. తల్లి "వండు" అంది. జావ వచ్చింది. తల్లి కడుపు నిండా తాగింది. కుండను ఆపుదామంటే ఏమనాలో ఆమెకు తెలియదు! జావ పొంగి వంటిల్లు నిండింది. ఇల్లు నిండింది. వీధి నిండింది. ఊరంతా నిండి ఇంక ఒకే ఒక ఇల్లు మిగిలింది. అప్పుడు కూతురు వచ్చి "చాలు" అంది. కుండ ఆగింది. ఊళ్లోకి రావాలనుకొన్నవాళ్లు మాత్రం జావ తింటూ దారి చేసుకొని రావాల్సి వచ్చింది.

నార్వే అనే చలి దేశంలో ఇంకో కథ. అది ఇసుర్రాయి కథ. అడిగింది ఏదైనా విసిరి పోస్తుంది. ఒక ఓడ వ్యాపారి దాన్ని తీసుకొని సముద్రం మీదికి పోయాడు. "ఉప్పు విసురు" అన్నాడు. ఎట్లా ఆపాలో అతను నేర్చుకోలేదు. ఉప్పు బరువుకు ఓడ మునిగింది. ఇసుర్రాయి సముద్రం అడుగున ఇప్పటికీ తిరుగుతా ఉందంట. అందుకే సముద్రం నీళ్లు ఉప్పగా ఉన్నాయంట!

పక్కనే ఫిన్లాండు దేశం. వాళ్లకు 'కలేవాల' అని ఒక పెద్ద గాథ ఉంది. అది 1835లో పుస్తకంగా వచ్చింది. అందులో 'సంపో' అనే యంత్రం ఉంది. ఒక పక్క పిండి విసురుతుంది. ఇంకో పక్క ఉప్పు విసురుతుంది. మూడో పక్క డబ్బులు విసురుతుంది. దానికోసం రెండు రాజ్యాలు కొట్టుకున్నాయి. కడాకు అది సముద్రంలో పడి పగిలిపోయింది.

ఇన్ని దేశాల్లో ఇసుర్రాయికే ఎందుకు మహిమ పెట్టారు? రాయి తిప్పినవాళ్లను అడిగితే చెప్తారు. మా అవ్వ కోడి కూసేటప్పటికి లేచి రాగులు విసిరేది. ఎదురుగా మా అమ్మ కూర్చొని పిడి పట్టేది. ఇద్దరి చేతుల్లోనూ బొబ్బలు. నాకు మెలకువ వచ్చేటప్పటికి అవ్వ పాట, రాతి చప్పుడు కలిసి వినబడేవి. విసిరేటప్పుడు పాడుకొనే తిరగలి పాటలు తెలుగులో లెక్కలేనన్ని ఉన్నాయి. ఒళ్లు నొప్పి మరిచిపోవడానికే గదా ఆ పాటలు! 'ఈ రాయి దానంతట అదే తిరిగితే ఎంత బాగుండు' అని అనుకోని ఆడమనిషి ఉందా?

ఆ రాయి నిజంగానే దానంతట అది తిరిగింది. 1955లో మనకు దగ్గర్లోనే, తమిళనాడులోని కోయంబత్తూరులో, కరెంటుతో పిండి రుబ్బే గ్రైండరు తయారు చేశారు. అట్లనే సత్యప్రకాశ్ మాథుర్ అని ఒక ఇంజనీరు ఉండేవాడు. ఆయన ఇంట్లో విదేశీ మిక్సీ ఉండేది. పసుపు కొమ్ములు, మినప్పప్పు వేస్తే ఆ మిక్సీ మోటారు ఏం తట్టుకుంటుంది? కాలిపోయింది. మన పప్పులు, మన మసాలాలు నలిగే మిక్సీ కావాలని ఆయన 1960లలో సుమీత్ మిక్సీ తెచ్చాడు. దానికి మంత్రం అక్కర్లేదు. "చాలు" అనే మాట తెలియకపోయినా ఫరవాలేదు, స్విచ్చి ఉంది. కరెంటు బిల్లు మాత్రం వస్తుంది!

కొండ మీది గునపం

దూర దేశాలు ఎందుకు? మన తిరుమలలోనే గునపం కథ ఒకటి ఉంది. గుడికి పోయినవాళ్లు మహాద్వారం దగ్గర గోడ మీద వేలాడే గునపాన్ని చూసే ఉంటారు. క్యూలో తోపులాట వల్ల చాలామంది తల ఎత్తి చూడరు. ఈసారి చూడండి.

రామానుజులవారి శిష్యుడు అనంతాళ్వారు. స్వామికి పూలతోట పెట్టాలని కొండ మీద కాపురం ఉన్నాడు. తోటకు నీళ్లు కావాలి. మొగుడూ పెళ్లామూ చెరువు తవ్వుతున్నారు. ఆయన తవ్వుతాడు. ఆమె తట్టలో మట్టి మోస్తుంది. ఆమె నిండు చూలాలు. అది చూసి ఒక పిల్లవాడు వచ్చి, "అమ్మా, తట్ట నాకివ్వు" అని సాయం చేశాడు. 'నా సేవలో నువ్వెవరు పాలు పంచుకోవడానికి' అని అనంతాళ్వారుకు కోపం వచ్చింది. చేతిలోని గునపం విసిరాడు. అది పిల్లవాడి గడ్డానికి తగిలింది. పిల్లవాడు మాయమయ్యాడు. గుడిలోకి పోయి చూస్తే స్వామి గడ్డం నుంచి రక్తం కారుతోంది! భయపడి పచ్చకర్పూరం అద్దాడు. నేటికీ మూలవిరాట్టు గడ్డానికి పచ్చకర్పూరం పెడతారు. ఆ గునపమే ఇది అని చెప్తారు.

అవ్వ ఊరుకోలేదు. "చూలాలు మన్ను మోస్తా ఉంటే స్వామికి కనబడింది, మొగుడికి కనబడలేదే!" అంది. అందరూ నవ్వారు.

కుండ కథ కూడా ఉంది. తొండమాను చక్రవర్తి స్వామికి రోజూ బంగారు పూలు పెట్టేవాడు. ఒకనాడు చూస్తే బంగారు పూలు పక్కకు జరిగి ఉన్నాయి. పాదాల మీద మట్టి పూలు ఉన్నాయి. ఎవరివని వెతికితే భీముడనే ఒక కుమ్మరి పల్లెలో కూర్చొని, కుండలు చేయగా వేళ్లకు అంటిన మట్టితోనే పూలు చేసి స్వామికి పెడుతున్నాడు. స్వామికి నేటికీ కొత్త మట్టికుండ ఓటిలో, అంటే పగిలిన సగం కుండలో, పెరుగన్నం నైవేద్యం పెట్టడానికి ఈ కుమ్మరి భక్తినే కారణంగా చెప్పుకుంటారు.

ఇక్కడ ఒక సంగతి గమనించండి. గునపం గునపమే. కుండ కుండే. కథ మనుషులది. ఆ గునపం కోట్లకు అమ్ముడుపోతుందని, దాన్ని తాకితే బియ్యం ఎగిరొస్తాయని ఎవరూ చెప్పలేదు.

గింబళి, గిల్పం

ఇప్పుడు కొంచెం సినిమా. మాయాబజార్ చూడనివాళ్లు మనలో ఎవరైనా ఉన్నారా? 1957లో వచ్చింది. తీసినవాళ్లలో మన సీమవాళ్లే ముఖ్యులు. డైరెక్టరు కె.వి.రెడ్డిది అనంతపురం జిల్లా తాడిపత్రి. డబ్బు పెట్టినవాళ్లలో ఒకరైన బి.నాగిరెడ్డిది కడప జిల్లా పొట్టిపాడు. 2010లో ఆ సినిమాకు రంగులు వేసి మళ్లీ విడుదల చేశారు.

అందులో ప్రియదర్శిని అనే పెట్టె ఉంది. మూత తెరిచి చూస్తే ఎవరికి ఏది ఇష్టమో అది కనబడుతుంది. శశిరేఖకు అభిమన్యుడు కనబడతాడు. ఆమె తల్లి రేవతికి నగలు కనబడతాయి! సత్యపీఠం అని ఇంకొకటి ఉంది. దాని మీద కాలు పెట్టినవాడు నిజమే చెప్తాడు. కడాకు శకుని దాని మీద ఎక్కి, దాచిన కుట్రంతా బయటపెడతాడు. ఇంక పెళ్లివారి విడిదిలో ఘటోత్కచుడి మనుషులు పెట్టిన సామాన్లున్నాయే! చుట్టుకుపోయే గింబళి, పడుకున్నవాణ్ణి పడేసే గిల్పం. ఈ మాటలకు అర్థం వెతకవద్దు. కంబళికి జతగా గింబళి, తల్పానికి జతగా గిల్పం. రాసిన పింగళి నాగేంద్రరావు పుట్టించిన మాటలు. అన్నం గిన్నం, పుస్తకం గిస్తకం అని మనం అనమా? ఆయన ఆ 'గి'లోంచి నిజంగా సామాను పుట్టించాడు.

అవన్నీ ఎట్లా కదిలాయి? మార్కస్ బార్ట్‌లే అనే కెమెరామన్ పనితనం అది. ఆ కాలంలో కంప్యూటర్లు లేవు. కెమెరాను ఆపడం, వస్తువును కొంచెం జరపడం, మళ్లీ తీయడం. కంటికి కనబడని సన్న దారాలు కట్టి లాగడం. తీసిన ఫిల్ము మీదనే రెండోసారి తీయడం. ఇట్లాంటి ఉపాయాలతో మాయ చూపించేవాళ్లు.

అది కనికట్టు అని చూసేవాళ్లకు తెలుసు. తీసేవాళ్లూ దాచలేదు. టిక్కెట్టు డబ్బు ఇచ్చాం, నవ్వుకున్నాం, ఇంటికి వచ్చాం. గింబళి కావాలని ఎవరూ పొలం తాకట్టు పెట్టలేదు.

ఇప్పుడు చెప్పబోయేది పొలం దాకా వచ్చిన కథ.

చెంబు వచ్చింది

పలమనేరు వైపు ఒక పల్లెలో నాకు వరసకు అక్క ఒకామె ఉంది. పేరు ఇక్కడ వద్దు. ఆమె చిన్నప్పుడు బడికి పోలేదు. ఇద్దరు బిడ్డల పెళ్లిళ్లు చేసినాక, సంఘంలో అందరూ సంతకం పెడుతుంటే తాను వేలిముద్ర వేయాల్సి వస్తోందని సిగ్గుపడి చదువు నేర్చుకుంది. ఒక్కొక్క అక్షరం కూడబలుక్కొని చదువుతుంది. ఆమెకు పసుపు కుంకుమ కింద వాళ్ల నాయన ఇచ్చిన ఎకరంన్నర భూమి ఉంది.

ఒకరోజు మొగుడి స్నేహితుడు ఇద్దరు మనుషుల్ని వెంటబెట్టుకొని వచ్చాడు. ఒకాయన పంచె కట్టినాడు. ఇంకొకాయన ప్యాంటు చొక్కా. ఎర్రగుడ్డలో చుట్టిన రాగి చెంబు తీశారు. అది రాజుల కాలం నాటి కోట మీది కలశమంట. దాని మీద పిడుగు పడిందంట. ఆ దెబ్బకు రాగిలో ఇరిడియం అనే లోహం పుట్టిందంట. విదేశాల్లో రాకెట్లు చేసేవాళ్లు దీన్ని కోట్లు పెట్టి కొంటారంట. అసలైనదా కాదా అని తెలుసుకొనే గుర్తు ఒకటే. అసలు చెంబు బియ్యం గింజల్ని తనవైపు లాక్కుంటుంది.

రాత్రి పూట, లైటు ఆర్పి, చిన్న దీపం పెట్టి చూపించారు. తట్టలో బియ్యం పోశారు. చెంబును దగ్గరికి తెచ్చారు. గింజలు గబుక్కున లేచి చెంబుకు అతుక్కున్నాయి! అక్క మొగుడు దణ్ణం పెట్టాడు.

"సైంటిస్టు వచ్చి టెస్టు చేయాల. ఆయనకు వేరే బట్టలు కావాల, మిషన్లు కావాల. ఖర్చు అవుతుంది. అమ్మినాక మీకు వాటా" అన్నారు. ఆయన రెండు పాడి ఆవుల్ని అమ్మేసి 80 వేలు ఇచ్చాడు. పెళ్లానికి మాత్రం ఆవులకు జబ్బు చేసిందని చెప్పాడు. నెల తిరగకముందే మళ్లీ వచ్చారు. ఇంకా 2 లక్షలు కావాలన్నారు. లేదంటే చెంబు 'పవర్' తగ్గిపోతుందంట. ఆ డబ్బు ఎట్లా పుట్టిస్తాం అంటే, స్టాంపు కాగితం తీశారు. "ఇది ఊరికే. చెంబు మీ ఇంట్లో ఉన్నట్టు రాసిన కాగితం. అక్క ఒక సంతకం పెడితే చాలు" అన్నారు.

అక్క కాగితం అందుకుంది. దీపం దగ్గరికి జరిగింది.

"చదివేదేముందక్కా, తొందరగా పెట్టు. మంచి గడియ దాటిపోతా ఉంది" అన్నాడు ప్యాంటు ఆయన.

"నాకు తొందరగా చదవడం రాదులే అన్నా. ఉండు" అంది అక్క.

పైన పెద్ద అక్షరాలు. వి... క్ర... య... ఒ... ప్పం... దం. క కింద ర వత్తు దగ్గర కాసేపు ఆగింది. మాట మొత్తం చదివినా అర్థం తెలియలేదు. కిందికి వచ్చింది. అక్కడ వాళ్ల నాయన పేరు కనబడింది. దాని పక్కన అంకెలు. సర్వే నంబరు. ఎకరా 1, సెంట్లు 50. అంకెలు ఆమెకు బాగా వచ్చు. ఆ నంబరు పట్టాదారు పుస్తకంలో ఎన్నోసార్లు చూసింది.

"చెంబు కాగితంలో నా భూమి నంబరు ఎందుకుండాది అన్నా?"

ఎవరూ పలకలేదు. మొగుడు తల వంచుకున్నాడు. ఆవుల సంగతి అప్పుడు బయటికి వచ్చింది.

అక్క అరవలేదు. లోపలికి పోయి, చాటలో తమ ఇంటి బియ్యం తెచ్చింది. లైటు వేసింది. "ఈ బియ్యాన్ని లాగించండి. చూసి సంతకం పెడతా" అంది.

"రేషన్ బియ్యం పనికిరాదక్కా. మేం తెచ్చిందే కావాల."

"కోట్లు చేసే చెంబుకు బియ్యంలో భేదం ఏముండాది?"

వాళ్ల బియ్యం గుప్పెడు తీసుకొని అరచేతుల మధ్య నలిపింది. చేతులు నల్లగా అయ్యాయి. పెనం తోమితే అయినట్టు. వాళ్లు కాగితం లాక్కొని లేచారు. చెంబు కోసం చేయి చాపితే, "రేపు పగలు వచ్చి, ఊరి పెద్దమనుషుల ముందర తీసుకొని పోండి" అంది. వాళ్లు మళ్లీ రాలేదు.

చెంబులో ఏముంది?

ఇది మీరు కూడా చేసి చూడండి. పిల్లల దగ్గర పాత స్పీకరులోని అయస్కాంతం దొరుకుతుంది. దాన్ని బియ్యం దగ్గర పెట్టండి. ఒక్క గింజ కూడా కదలదు. ఏటి ఇసుకలో తిప్పి తీయండి. నల్లటి రేణువులు గడ్డంలా అంటుకుంటాయి. అది ఇనుము ఉన్న ఇసుక. ఇప్పుడు బియ్యాన్ని కొంచెం జిగురు నీళ్లతో తడిపి, ఇనుప పొడి పట్టించి ఆరబెట్టండి. అయస్కాంతం చూపిస్తే గింజలు ఎగిరి వస్తాయి! ఇనుప పొడి పట్టిన బియ్యం బూడిద రంగుకు తిరుగుతాయి. అందుకే లైటు ఆర్పుతారు.

అయస్కాంతం రాగిని లాగదు. రాగికి అడ్డమూ పడదు. కాబట్టి చెంబు అడుగున అయస్కాంతం దాచిపెడితే చాలు. ఇంక పిడుగు సంగతి. పిడుగు వేడికి రాగి కరుగుతుందేమో గాని ఇంకో లోహంగా మారదు. ఇరిడియం అనే లోహం ఉన్నమాట నిజమే. 1803లో లండన్లో స్మిత్సన్ టెన్నెంట్ అనే ఆయన కనుక్కున్నాడు. చాలా ఖరీదైనది. బండ్ల స్పార్క్ ప్లగ్గుల కొనలకు కూడా వాడతారు. దానికీ బియ్యానికీ ఏ సంబంధమూ లేదు.

ఈ మోసానికి 'రైస్ పుల్లింగ్' అని పేరు. మన జిల్లాలో, తమిళనాడులో, కర్ణాటకలో పేపర్లో ఎన్నోసార్లు వచ్చింది. చదువుకున్నవాళ్లు, వ్యాపారులు కూడా లక్షలు పోగొట్టుకున్నారు. చదువు ఒక్కటే కాపాడదు. ఆశ పెద్దదైతే కన్ను చూసింది కూడా చూడనట్టే ఉంటుంది.

మన ఆడవాళ్లు చాలామంది ఇంటిపనికి గల్ఫ్ దేశాలకు పోతారు కదా. 2009లో సౌదీలో ఒక పుకారు లేచింది. పాత సింగర్ కుట్టుమిషన్ల సూదిలో 'ఎర్ర పాదరసం' ఉందని, దాంతో నిధులు దొరుకుతాయని! సూది దగ్గర సెల్‌ఫోన్ పెడితే లైను కట్ అవుతుందని పరీక్ష కూడా చెప్పారు. మూలన పడిన మిషన్లను వేల రియాళ్లు పెట్టి కొన్నారు. అక్కడి పోలీసులు అది వట్టి పుకారు అని చెప్పాల్సి వచ్చింది. ఎర్ర పాదరసం అనే వస్తువే లేదు. అక్కడ కుట్టుమిషను, ఇక్కడ చెంబు.

ఇట్లా మోసపోతే ఏం చేయాలి? మోసాన్ని మనం 'ఫోర్ ట్వంటీ' అంటాం. పాత చట్టంలో అది 420వ సెక్షన్. 2024 జూలై 1 నుంచి కొత్త చట్టం, భారతీయ న్యాయ సంహిత వచ్చింది. అందులో మోసానికి 318వ సెక్షన్. ఫోనైతే 112. ఏ స్టేషన్లోనైనా ఫిర్యాదు ఇవ్వవచ్చు, మా పరిధి కాదని తిప్పి పంపకూడదు. ఎఫ్.ఐ.ఆర్. కాగితం నకలు ఫిర్యాదు ఇచ్చినవాళ్లకు ఉచితంగా ఇవ్వాలి. అడిగి తీసుకోండి. ఇంకో చట్టం 1954లోనే వచ్చింది. తాయెత్తుతో, మంత్రంతో ఫలానా రోగాలు నయం చేస్తామని ప్రకటనలు వేయడం ఆ చట్టం కింద నేరం.

అక్క మొగుడు రెండు నెలలు స్టేషనుకు పోలేదు. నలుగురిలో నవ్వులపాలు అవుతామని భయం. ఇట్లాంటి మోసగాళ్లకు మన సిగ్గే పెట్టుబడి. కడాకు అక్కే ఫిర్యాదు రాసింది. పది వాక్యాలు. రెండు కాగితాలు చించేసి మూడోదాని మీద రాసింది. 'మోసం' అనే మాటలో సున్నా పెట్టడం మరిచిపోయి తర్వాత పైన పెట్టిందంట. 80 వేలు ఇంకా రాలేదు. ఆవులూ లేవు. ఇప్పుడు పాలు కొనుక్కుంటున్నారు. మొగుడి మీద కోపం పోయిందా అని నేను అడగలేదు.

పోయినసారి ఆ ఊరికి పోయినప్పుడు చెంబు చూశాను. పోలీసులు ఫోటో తీసుకొని, అడిగినప్పుడు చూపించమని ఇచ్చి పోయారంట. చింతపండుతో తోమి తళతళలాడించి అటక మీద పెట్టింది. అడుగున లక్కతో అతికించిన గుండ్రటి అయస్కాంతం ఊడి వచ్చింది. దాన్ని దారానికి కట్టి మేకుకు తగిలించింది. రవికె కుట్టేటప్పుడు సూది జారిపడితే, ఆ దారం పట్టుకొని చాప మీద ఒకసారి తిప్పుతుంది. సూది టక్కున వచ్చి అతుక్కుంటుంది.